గవర్నమెంటు పైడయ్య

ముంతవలసలో తెలివి ఎక్కడుందని ఎవరైనా అడిగితే బుర్రా వాళ్ళు తమ గుమ్మమే చూపించేవారు. ఇంటిపేరే బుర్రా, ఇంక సాక్ష్యం దేనికి? పెద్దాడు పెంటయ్య, చిన్నాడు సోంబాబు, పెద్దాడి భార్య నూకరత్నం, చిన్నాడి భార్య చిట్టెమ్మ. ఈ నలుగురూ తెలివిని సమానంగా పంచుకున్నారని ఊళ్ళోవాళ్ళు అనేవారు. ఒక్కొక్కరి వాటాకి ఎంతొచ్చిందో మాత్రం చెప్పేవారు కాదు.

అందులోనూ నూకరత్నం లెక్కల మనిషి. కోడిని రోజుకోసారి చూస్తే ఒక గుడ్డు కనిపిస్తోంది కాబట్టి, గంటకోసారి చూస్తే ఇరవై నాలుగు కనిపించాలని లెక్క కట్టి, గంప పక్కనే కూర్చుంది. కోడికి సిగ్గేసి పక్కింట్లో పెట్టింది. "లెక్క తప్పు కాదు. కోడికే లెక్కలు రావు" అంది నూకరత్నం.

ఆ ఏడు వాళ్ళ పెంకుటిల్లు బాగా కారడం మొదలెట్టింది. చిట్టెమ్మకి నెలలు నిండాయి. వానలు దగ్గరికొచ్చాయి. బిడ్డ పుట్టేలోపు కప్పు బాగు చేయించాలని పెంకుల మేస్త్రీ పైడయ్యని పిలిచారు. పాత పెంకులు దించి, పుచ్చిన వాసాలు మార్చి, మళ్ళీ నేసి ఇస్తానని పైడయ్య ఒప్పుకున్నాడు. కాయితం మీద రాసుకున్నారు కూడా.

పైడయ్య పొద్దున్నే నిచ్చెనేసి ఎక్కాడు. మధ్యాహ్నానికి పెంకులన్నీ పెరట్లో దించేశాడు. చేతులు దులుపుకుని, "వదినమ్మా, కప్పు సంగతి ఇంక నాకొదిలెయ్యండి. మీరు దాని గురించి ఆలోచించనే వద్దు" అని చెప్పి వెళ్ళిపోయాడు.

అంతే. నలుగురూ ఆలోచించడం మానేశారు. ఎవరైనా వచ్చి, "ఏమయ్యా పెంటయ్యా, ఇంటికి కప్పేదీ?" అంటే పెంటయ్య చెవులు మూసుకుని, "అమ్మో, ఆలోచించొద్దన్నాడు. అడక్కండి" అనేవాడు.

నూకరత్నానికైతే బాధే లేదు. "నాలుగు గోడలున్నాయి. ఒక్క కప్పే లేదు. అయిదింట్లో నాలుగొచ్చాయంటే ఫస్టు క్లాసు కాదేంటీ?" అంది. పైగా ఆ ఇంట్లో పడుకునే గదిలోనే వడియాలు ఎండాయి. ముంతవలసలో ఇంకెవరింట్లో ఎండుతాయి?

ఒకనాడు పప్పు ఉడుకుతుంటే మబ్బు పట్టింది. నాలుగు చినుకులు తిన్నగా గిన్నెలో పడ్డాయి.

"వదినా, పప్పులో నీళ్ళెక్కువయ్యాయి" అన్నాడు సోంబాబు.

"నేను సరిగ్గానే పోశాను. పైనెవరో మళ్ళీ పోశారు" అంది నూకరత్నం.

నలుగురూ పైకి చూశారు. పైన ఎవరూ లేరు. కప్పు కూడా లేదు. చిట్టెమ్మ పొట్ట మీద చెయ్యి వేసుకుని, "అక్కా, నా బిడ్డ పుట్టీపుట్టగానే తడిసిపోతాడా?" అని బావురుమంది. అప్పుడు నూకరత్నానికి అన్ని లెక్కలూ పోయి ఒకటే లెక్క మిగిలింది. బిడ్డ ముందా, కప్పు ముందా?

వెంటనే పైడయ్య ఇంటికి పరిగెత్తింది. అతను టౌనులో కల్యాణమండపం పని ఒప్పుకుని సంచి సర్దుకుంటున్నాడు. "రేపొస్తాను వదినమ్మా" అన్నాడు. మర్నాడు వెళ్తే, "రేపన్నానుగా" అన్నాడు. ఆ మర్నాడూ అదే మాట. మనిషి మాట మీద నిలబడ్డాడని పెంటయ్య మెచ్చుకున్నాడు కూడా.

ఎదురింటి ఆదయ్య ఇదంతా చూస్తున్నాడు. అతని ప్రహరీ గోడని రోడ్డు కోసం పడగొట్టబోతే, హైకోర్టులో రిట్ వేసి ఆపించుకున్నాడు. "రెండు వారాల్లో ఆర్డరొచ్చింది. కలం కదిపారంటే బుల్‌డోజరు ఆగిపోయింది" అని మీసం దువ్వాడు.

ఇంకేముంది! బుల్‌డోజరంతటిది ఆగిపోతే పైడయ్య కదలడా? పెంటయ్యా నూకరత్నం బస్సెక్కి టౌనులో వకీలు జగ్గారావు గారి దగ్గరికి వెళ్ళారు.

జగ్గారావు గారు కాయితం చదివి కళ్ళజోడు తీశారు. "చూడమ్మా. రిట్టనేది ప్రభుత్వం మీద వేసేది. ప్రభుత్వం చట్టం తప్పితే హైకోర్టు చెవి పట్టుకుని అడుగుతుంది. ఆదయ్య గోడ జోలికొచ్చింది ప్రభుత్వం. మీ కప్పు జోలికొచ్చింది పైడయ్య. మీరూ మీరూ రాసుకున్న ఒప్పందం ఇది. దీనికి సివిల్ కోర్టుంది. అక్కడ దావా వేద్దాం."

"అదెంతకాలం పడుతుందండీ?"

"చెప్పలేనమ్మా. ఏళ్ళు పట్టొచ్చు."

నూకరత్నం వేళ్ళు మడిచింది. ఏళ్ళంటే బిడ్డ పుట్టి, నడిచి, బడికెళ్ళి, వాడే పెంకులు నేయడం నేర్చుకునేంత కాలం. కుదరదు. "అయితే బాబుగారూ, పైడయ్య ప్రభుత్వమైతే రిట్ వేయొచ్చా?"

జగ్గారావు గారు నవ్వేశారు. "ప్రభుత్వమైతే వేయొచ్చు తల్లీ. అవ్వాలిగా!"

అంతే. నూకరత్నం మొగుణ్ణి లేవదీసింది. "పదవయ్యా. వెళ్ళి పైడయ్యని ప్రభుత్వం చేసేద్దాం."

బస్సులో ఇద్దరూ ఆలోచించారు. ప్రభుత్వానికేం ఉంటుంది? ఒక బోర్డుంటుంది. కుర్చీకి తువ్వాలుంటుంది. గుమ్మం ముందు వరసుంటుంది. "పైగా రేపు రమ్మంటుంది" అన్నాడు పెంటయ్య.

"అదిగో! సగం ప్రభుత్వం వాడిలో ముందే ఉంది. మిగతా సగం మనం తొడగాలి" అంది నూకరత్నం.

మర్నాడు తెల్లారేసరికి పైడయ్య వాకిట్లో ఒక రేకు వేలాడుతోంది. దాని మీద సోంబాబు సున్నంతో 'గవర్నమెంటు పైడయ్య గారి కార్యాలయం' అని రాశాడు. అరుగు మీద కుర్చీ వేసి తువ్వాలు కప్పారు. నలుగురూ వరస కట్టారు. చిట్టెమ్మకి నిలబడే ఓపిక లేదు. తన బదులు ఒక ఇటుక పెట్టి పక్కన కూర్చుంది.

పైడయ్య పళ్ళపుల్ల నోట్లో పెట్టుకుని బయటికొచ్చాడు. "ఏంటి వదినమ్మా ఇది?"

"తమరు కూర్చోండి పైడయ్య గారూ" అంది నూకరత్నం రెండు చేతులూ కట్టుకుని.

పైడయ్యని జన్మలో ఎవరూ గారూ అనలేదు. కూర్చున్నాడు. కుర్చీ మెత్తగా ఉంది. అంతలో దారిన పోయే ముసలమ్మ వరసని చూసి ఆగింది. "ఏమిస్తున్నారు నాయనా?"

"ఇంకా తెలీదు. ఇక్కడ ప్రభుత్వం ఉంది" అన్నాడు సోంబాబు.

ప్రభుత్వమంటే ఏదో ఒకటి ఇస్తుంది కదా అని ముసలమ్మ వరసలో నిలబడింది. ఆమెని చూసి ఇంకొకరు. వాళ్ళని చూసి నలుగురు. అన్నం వేళకి వరస వీధి మలుపు తిరిగింది. ఒకాయన పింఛను రాలేదన్నాడు. ఒకావిడ మొగుడు మాట్లాడ్డం లేదంది. ఇంకొకాయన ఎందుకొచ్చాడో మర్చిపోయి, గుర్తొచ్చేదాకా నిలబడతానన్నాడు.

పైడయ్యకి ఇది భలే నచ్చింది. తువ్వాలు సర్దుకుని, "ఫోటో ఏదీ? రెండు కావాలి. రేపు రా" అనడం మొదలెట్టాడు. పన్నెండున్నర కాగానే తలుపేసి లంచ్ అన్నాడు. అంతవరకు అప్పుడప్పుడైనా సంచి చేతబట్టేవాడు, ఇప్పుడు సంచే మర్చిపోయాడు. ప్రభుత్వం పెంకులు నేస్తుందా ఎక్కడైనా?

మబ్బులు దట్టమయ్యాయి. చిట్టెమ్మ పొట్ట కిందికి జారింది. కప్పు లేదు. కానీ నూకరత్నం సంతోషంగా జగ్గారావు గారి దగ్గరికి పోయి, "అయిపోయిందండీ. పైడయ్య ప్రభుత్వమైపోయాడు. మేం చెప్పినా వినడంలేదు" అంది.

జగ్గారావు గారు విషయమంతా విని కాసేపు నీళ్ళు తాగారు. "అమ్మా, బోర్డు కడితే ప్రభుత్వం కారు. ప్రభుత్వం కాని వాళ్ళ మీద కూడా ఒక్కోసారి రిట్ వింటారు. ఎప్పుడంటావా? వాళ్ళు ప్రజలందరి కోసం చట్టం అప్పజెప్పిన పని చేస్తూ, అందులో తప్పితే. పైడయ్యేం చేశాడు? మీ ఒక్క ఇంటి కప్పు నేస్తానన్నాడు. ఊరందరి కప్పులూ కాదుగా?"

"ఓహో" అంది నూకరత్నం. "ఊరందరి కప్పులూ కావాలన్నమాట."

"నేనలా అన్లేదు..." అని జగ్గారావు గారు లేచేలోపు ఆవిడ బస్టాండులో ఉంది.

శుక్రవారం ముంతవలస మొత్తం సంతకి పోతుంది. ఆ శుక్రవారం బుర్రా వాళ్ళు మాత్రం పోలేదు. వీధి ఖాళీ అవగానే పెంటయ్యా సోంబాబూ నిచ్చెన పట్టుకుని బయల్దేరారు. ఆదయ్య ఇంటితో మొదలెట్టి, ఆ వరసలో ఉన్న ఏడిళ్ళ పెంకులూ జాగ్రత్తగా దించేశారు. ఒక్కటి పగలనివ్వలేదు. బుర్రా వాళ్ళు పనిమంతులు, ఆ మాట ఎవరైనా ఒప్పుకుంటారు.

"వదినా, ఎవరి పెంకులు వాళ్ళ పెరట్లో పెట్టాలా?" అని పైనుంచి అరిచాడు సోంబాబు.

"వద్దు! వేరువేరుగా పెడితే మళ్ళీ ప్రైవేటైపోతాయి. అన్నీ కలిపి నడివీధిలో పొయ్యండి" అంది నూకరత్నం.

సాయంత్రం ఊరు తిరిగొచ్చింది. వీధి మధ్యలో పెంకుల కొండ. ఏడిళ్ళలోనూ ఆకాశం. ఆదయ్య తన ఇంట్లోకి వెళ్ళి, బయటికొచ్చి, మళ్ళీ వెళ్ళి చూసి, "నా కప్పేదీ!" అని ఒక్క కేక పెట్టాడు.

"కంగారు పడకు మామా" అన్నాడు పెంటయ్య. "నీ కప్పు ఇప్పుడు ప్రజలదైపోయింది."

ఇంకేముంది! చీపుళ్ళు లేచాయి. రోకళ్ళు లేచాయి. పెంటయ్యా నూకరత్నం ముందే కట్టిపెట్టుకున్న మూట చంకన పెట్టుకుని రాత్రి బస్సందుకుని హైకోర్టుకి పోయారు. సోంబాబు చిట్టెమ్మకి తోడుండాలని ఆగిపోయి, ఇంటిల్లిపాది తరఫునా దెబ్బలు తిన్నాడు.

జగ్గారావు గారు ఈ కేసు పట్టనన్నారు కాబట్టి నూకరత్నం తానే వాదిస్తానంది. ఎవరి కేసు వాళ్ళు వాదించుకోవచ్చని ఆదయ్య చెప్పగా విని ఉంది. కాయితాలు తీసుకునే ఆఫీసు గుమ్మంలోనే కొన్నాళ్ళు కాపురం పెట్టారు. ఇది తప్పు, అది తప్పని వాళ్ళు తిప్పి పంపడం, వీళ్ళు దిద్ది మళ్ళీ ఇవ్వడం. వీళ్ళని వదిలించుకోవాలంటే జడ్జీ గారికి చూపించడం ఒక్కటే దారని ఆఫీసు వాళ్ళకి అర్థమై, చివరికి పిలుపొచ్చింది.

జడ్జీ గారు కాయితం చూశారు. "ఎవరి మీదమ్మా ఈ రిట్?"

"గవర్నమెంటు పైడయ్య గారి మీదండి."

"గవర్నమెంటులో ఏ శాఖ?"

నూకరత్నం తడుముకోలేదు. "పెంకుల శాఖండి."

హాలులో వకీళ్ళందరికీ ఒక్కసారే దగ్గొచ్చింది. జడ్జీ గారికి కూడా కొంచెం వచ్చినట్టుంది, సర్దుకున్నారు. "జీతం ఎవరిస్తారు ఆయనకి?"

"మేమేనండి. కూలి."

"నియమించిందెవరు?"

"మేమేనండి. బోర్డు రాసింది మా మరిది. తువ్వాలు మాత్రం నాది, పుట్టింటివారు పెట్టింది."

జడ్జీ గారు మెల్లగా చెప్పారు. "అమ్మా, ఇద్దరు మామూలు మనుషుల మధ్య ఒప్పందం తప్పితే, దాన్ని నిలబెట్టమని రిట్ ఇవ్వడానికి ఈ కోర్టుకి దారి లేదు. ఆ పైడయ్య నిజంగా ప్రభుత్వమే అయినా, ఉట్టి కాంట్రాక్టు గొడవకి మామూలుగా ఇక్కడికి రాకూడదు. ఎవరేం ఒప్పుకున్నారు, ఎవరెప్పుడు వదిలేశారు, ఇవన్నీ సాక్షుల్ని పిలిచి తేల్చాలి. అందుకు సివిల్ కోర్టుంది. అక్కడికి వెళ్ళండి."

"మరి ఏడిళ్ళ కప్పులు కూడా పోయాయి కదండీ? ప్రజల పని కాదా?"

"అవెలా పోయాయి?"

"మేమే దించామండి, ఈ కేసు కోసం" అంది నూకరత్నం గర్వంగా.

జడ్జీ గారు కలం కింద పెట్టి, నుదురు రుద్దుకున్నారు. "ఆ మాట ఇంకెక్కడా చెప్పకమ్మా. ముందు ఇంటికెళ్ళి వాళ్ళ కప్పులు వాళ్ళకి వేయించు." రిట్ చెల్లదని రాసి, తర్వాతి కేసు కాయితం అందుకున్నారు.

నూకరత్నం మెట్లు దిగుతూ ముక్కు చీదింది. ఓడిపోయినందుకు కాదు. ఇన్నాళ్ళూ తిరిగింది తప్పు కోర్టు చుట్టూ అని ఇప్పుడర్థమైంది. అటు చిట్టెమ్మ ఎలా ఉందో. పైన మబ్బు చూస్తే నల్లగా గేదెలమందలా ఉంది. "పదవయ్యా, సివిల్ కోర్టుకే పోదాం. ఈసారి తప్పు చెయ్యకూడదు. జడ్జీ గారంతటాయనే చెప్పారు" అంది.

ఇక్కడ ముంతవలసలో జరిగింది వేరు. వీళ్ళు బస్సెక్కిన మర్నాడే ఏడిళ్ళ ఆడవాళ్ళూ గవర్నమెంటు పైడయ్య కార్యాలయానికి వచ్చారు. పైడయ్య తువ్వాలు సర్దుకుని, "ఫోటోలు రెండు..." అన్నాడు. ఆదయ్య భార్య కుర్చీ కాలు పట్టి లాగింది. అంతే, ప్రభుత్వం పడిపోయింది. సంచి మెడలో వేసి, ముందొకరు వెనకొకరు పట్టుకుని నిచ్చెన దాకా నడిపించారు. ఏ పెంకు ఎవరిదో తేలక కాసేపు కొట్టుకున్నారు, తర్వాత విసుగొచ్చి కొండలోంచి దొరికినవి దొరికినట్టు అందించారు. సోంబాబు ఒళ్ళంతా వాపులతోనే పెంకులు మోశాడు. ఏడో ఇల్లు పూర్తయ్యేసరికి చిట్టెమ్మకి నొప్పులు మొదలయ్యాయి. పైడయ్య దిగబోతుంటే ఆడవాళ్ళు దిగనివ్వలేదు. "ఆ పిల్ల ఇల్లు కూడా నేసి దిగు" అన్నారు. పైడయ్యకీ జాలేసింది. వాసాలు మార్చి, కొండలో మిగిలినవీ పెరట్లో ఉన్నవీ కలిపి చకచకా నేసేశాడు. చివరి పెంకు పడడం, లోపల బిడ్డ కేరుమనడం ఒకేసారి జరిగాయి. మగపిల్లాడు. ఒక్క చినుకు కూడా మీద పడకుండా పుట్టాడు.

నూకరత్నం, పెంటయ్య ఊళ్ళోకి వచ్చేసరికి ఇంటికి ఎర్రటి కప్పుంది.

నూకరత్నం గుమ్మంలోనే ఆగిపోయింది. లోపలికి తొంగిచూసింది. చిట్టెమ్మ పక్కన పిల్లాడు గుప్పిళ్ళు బిగించి నిద్రపోతున్నాడు. ఆవిడ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. వాడి కాలు ముట్టుకుని చూసింది, పొడిగా ఉంది. "నా బంగారం, తడవలేదు" అంది. మళ్ళీ పైకి చూసింది. వెంటనే నెత్తి బాదుకుంది. "ఓరి నాయనో! ఎవడు నెయ్యమన్నాడీ కప్పు? సరైన కోర్టేదో ఇప్పుడే తెలిసొచ్చింది కదరా!"

జగ్గారావు గారి దగ్గరికి మళ్ళీ పరుగు. ఆయన చల్లగా విన్నారు. "శుభం కదమ్మా. పని అయిపోయింది. ఇంక దావా దేనికి?"

"జడ్జీ గారు సివిల్ కోర్టుకి వెళ్ళమన్నారండి. పెద్దాయన మాట కాదంటామా?"

"నష్టం జరిగితే వెళ్ళమన్నారు. కప్పు లేకపోవాలి, మీరు వానలో తడవాలి. అప్పుడుగదా దావా!"

నూకరత్నం తలూపింది. తిన్నగా పైడయ్య ఇంటికి పోయి, వచ్చి కప్పు దించమంది. మనమే దించుకుంటే మన మీద మనమే దావా వేసుకోవాలి కదా. పైడయ్య ఆవిణ్ణి చూడగానే రెండు తలుపులూ వేసి, అడ్డగడియ పెట్టి, లోపల్నుంచి దణ్ణం పెట్టాడు.

"పోనీలే" అంది నూకరత్నం ఇంటికొచ్చి. "వకీలు గారు రెండు చెప్పారు. కప్పు లేకపోవడం ఒకటి, తడవడం ఒకటి. మొదటిది మన చేతిలో లేదు. రెండోది ఉంది. రెండింట్లో ఒకటంటే సగం కేసు గెలిచినట్టే."

సరిగ్గా అప్పుడే వాన దబదబా దిగింది. పెంటయ్యా, సోంబాబూ, నూకరత్నం వాకిట్లో ముక్కాలిపీటలేసుకుని వరసగా కూర్చున్నారు.

"అక్కా, నేనూ బాబూ కూడా రావాలా?" అని గుమ్మంలోంచి అడిగింది చిట్టెమ్మ.

"వాడు మైనరు. వాడి నష్టం లెక్కలోకి రాదు. నువ్వు వాడికి కాపలా. లోపలే ఉండండి" అంది నూకరత్నం.

ముగ్గురి ముక్కుల్లోంచీ నీళ్ళు కారుతున్నాయి. సోంబాబు తుమ్మాడు. "ఒక తుమ్ము" అని లెక్క రాసుకోమంది నూకరత్నం. వీధి చివర కిటికీలోంచి పైడయ్య ఇది ఎంతసేపని చూస్తాడు? చివరికి మనసాగక తన పెద్ద నల్లగొడుగు పట్టుకుని తడుస్తూ పరిగెత్తుకొచ్చి, వాళ్ళ నెత్తిన పట్టాడు. "లోపలికి పొండి వదినమ్మా, చచ్చిపోతారు!"

నూకరత్నం చటుక్కున గొడుగు లాక్కుంది. మడిచింది. చెంగుతో గబగబా తుడిచింది.

"చిట్టెమ్మా! ఈ గొడుగు పట్టుకెళ్ళి లోపల పొడిచోట పెట్టు. వాడి సొత్తు తడిసిందంటే, మన మీదే దావా వేస్తాడు."